హామ్లెట్ కంటే ముందు... ఓ వంతెన కింద

1944 జనవరి. ఉక్రెయిన్‌లో ఎముకలు కొరికే చలి. తుపాకులు పట్టుకున్న జర్మన్ సైనికులు యుద్ధఖైదీలను వరసగా నడిపించుకుంటూ పోతున్నారు. ఆ వరసలో పద్దెనిమిదేళ్ల కుర్రాడు ఒకడున్నాడు. నెల రోజులుగా సరైన తిండి లేదు. ఒంట్లో సత్తువ లేదు. దారిలో ఓ వంతెన వచ్చింది. అతను మెల్లగా వరసలోంచి జారుకుని దాని కింద దూరాడు. బూట్ల చప్పుడు దూరమయ్యేదాకా కదల్లేదు.

సరిగ్గా ఇరవై ఏళ్లకు, 1964లో, ఆ కుర్రాడే తెర మీద హామ్లెట్ అయ్యాడు. షేక్‌స్పియర్ పుట్టి నాలుగు వందల ఏళ్లయిన సంవత్సరం అది. ఆ సినిమాకి వెనిస్‌ చిత్రోత్సవంలో ప్రత్యేక జ్యూరీ బహుమతి వచ్చింది. ఇంగ్లిష్‌వాళ్లు తమ సొంత సొత్తనుకునే పాత్రని రష్యన్‌లో చేసినవాడి పేరు బ్రిటిష్ బాఫ్టా అవార్డుల్లో ఉత్తమ విదేశీ నటుడి నామినేషన్ల దాకా వెళ్లింది.

పేరు ఇన్నొకెంతి స్మొక్తునోవ్‌స్కీ. పలకడానికి నాలుక మడత పడుతుంది, నిజమే. నాకూ రెండు రోజులు పట్టింది. ఆ హామ్లెట్ క్లిప్ ఒకటి నా ఫోన్లో రీల్స్ మధ్య తగిలింది. నలుపు తెలుపు, సముద్రపు ఒడ్డు, రాళ్లు, నల్లబట్టల్లో ఒక సన్నటి మనిషి నడుస్తున్నాడు. అంతే. అరుపు లేదు, కన్నీళ్లు లేవు. అయినా వేలు పైకి జరపబుద్ధి కాలేదు. ఎవరీయన అని వెతకడం మొదలుపెడితే సినిమాల కన్నా ముందు ఈ వంతెన దొరికింది.

ప్రాణాలతో రావడమే తప్పు

అసలు ఇంటిపేరు స్మొక్తునొవిచ్. 1925 మార్చి 28న సైబీరియాలో, తోమ్‌స్క్ ప్రాంతంలోని తత్యానొవ్‌కా అనే పల్లెలో పుట్టాడు. రైతు కుటుంబం. చిన్నప్పుడే క్రస్నొయార్స్క్ నగరానికి వచ్చి అక్కడ పెరిగాడు. బళ్లో చెహోవ్ నాటిక వేస్తూ స్టేజీ మీద నవ్వాపుకోలేకపోయాడని, దాంతో నాటక బృందంలోంచి తీసేశారని తర్వాత తనే చెప్పుకున్నాడు. కొన్నాళ్లు వైద్య సహాయకుడి చదువు, కొన్నాళ్లు సినిమా ప్రొజెక్టర్ ఆపరేటర్ శిక్షణ. ఈలోగా యుద్ధం. తండ్రి సరిహద్దుకి వెళ్లి తిరిగి రాలేదు. కొడుకుని 1943లో సైన్యంలోకి తీసుకున్నారు.

కూర్స్క్ యుద్ధంలో ఉన్నాడు. ద్నీపర్ నది దాటినవాళ్లలో ఉన్నాడు. ఆ నది దగ్గర చూపిన తెగువకి 'సాహస పతకం' ఇవ్వాలని రాశారు. అది చేతికందేలోపే, 1943 డిసెంబర్లో, జితొమీర్ దగ్గర పట్టుబడ్డాడు.

వంతెన కిందనుంచి బయటపడ్డాక ఓ పల్లెలో తలుపు తట్టాడు. ఉక్రెయిన్ పెద్దావిడ ఒకామె లోపలికి రానిచ్చింది. తిండి పెట్టి, నెల రోజుల పాటు ఇంట్లో దాచింది. జర్మన్లకి తెలిస్తే ఆ ఇంట్లో ఒక్కరినీ మిగల్చరు. అది ఆమెకి బాగా తెలుసు. అక్కణ్ణుంచి అతను గెరిల్లా దళంలో చేరాడు, తర్వాత మళ్లీ సైన్యంలోకి వెళ్లాడు. వార్సా మీదుగా జర్మనీ దాకా నడిచాడు. 1945లో ఇంకో సాహస పతకం వచ్చింది.

ఇలాంటి కుర్రాడికి ఊళ్లో దండలేసి ఊరేగింపు చెయ్యాలి కదా. జరిగింది వేరు.

1941 ఆగస్టులో స్టాలిన్ జారీ చేసిన 270వ నంబర్ ఉత్తర్వు ప్రకారం శత్రువుకి లొంగిపోయినవాడు దేశద్రోహి కింద లెక్క. యుద్ధం అయిపోయాక కూడా ఆ అనుమానం పోలేదు. శత్రువు చేతికి చిక్కి ప్రాణాలతో తిరిగొచ్చాడంటే, ఎలా వచ్చాడు, ఎందుకు వదిలేశారు, ఏం మాట్లాడుకున్నారు... ఇవే ప్రశ్నలు. తప్పించుకుని వచ్చి మళ్లీ తుపాకీ పట్టాడన్నది రెండో సంగతి. పెద్ద నగరాల్లో ఉండటానికి వీల్లేదన్నారు. ఎప్పుడు ఎవరొచ్చి తీసుకెళ్తారో తెలియని బతుకు.

అప్పుడతను ఒక విచిత్రమైన లెక్క వేసుకున్నాడు. ఎలాగూ పట్టుకుంటే పంపేది ఉత్తరాన మంచు ఎడారికే. మనమే ముందుగా అక్కడికి పోతే? అక్కణ్ణుంచి ఇంకెక్కడికి పంపుతారు?

నొరీల్స్క్

1946లో నొరీల్స్క్ చేరాడు. మ్యాప్‌లో చూడండి, ఆర్కిటిక్ వృత్తానికి పైన ఉంటుంది. నికెల్ గనుల కోసం ఖైదీల చేత కట్టించిన ఊరు. చలికాలంలో మైనస్ నలభై దాటుతుంది. దాదాపు నెలన్నర పాటు సూర్యుడే కనిపించడు. అలాంటి చోట కూడా ఒక నాటకశాల ఉంది! నటుల్లో కొందరు శిక్ష పడి వచ్చినవాళ్లు, కొందరు శిక్ష పూర్తయినా వెనక్కి పోలేనివాళ్లు. స్మొక్తునొవిచ్ కాస్తా స్మొక్తునోవ్‌స్కీ అయింది అక్కడే.

అక్కడే గియోర్గీ జ్జోనొవ్ పరిచయమయ్యాడు. యుద్ధానికి ముందే సినిమాల్లో పేరు తెచ్చుకున్న అందగాడు జ్జోనొవ్. 1938లో గూఢచారి అన్న నింద మీద అరెస్టు చేసి కొలిమా శిబిరాలకి పంపారు. బయటికొచ్చాక 1949లో మళ్లీ పట్టుకుని నొరీల్స్క్‌కి తోలారు. ఈ ఇద్దరూ అక్కడ ఒకే స్టేజీ మీద వేషాలు వేశారు. కుర్రాడిలో సరుకుందని కనిపెట్టి, ఇక్కడుంటే నీ జీవితం మంచులో కలిసిపోతుంది, పెద్ద ఊరికి పో అని వెంటపడినవాడు జ్జోనొవే. ఈ పేరు గుర్తుంచుకోండి, మళ్లీ వస్తాడు.

విటమిన్ల లోపంతో ఒళ్లు గుల్లయ్యాక, 1951లో స్మొక్తునోవ్‌స్కీ నొరీల్స్క్ వదిలాడు. కాస్పియన్ ఒడ్డున మఖచ్‌కలాలో కొన్నాళ్లు, స్టాలిన్‌గ్రాడ్ నాటకశాలలో ఇంకొన్నాళ్లు. చిన్న ఊళ్ల రంగస్థలం, వారానికో కొత్త వేషం, ఎవరూ రాయని పేరు. స్టాలిన్ పోయాడు. 1955లో మాస్కో వెళ్లే ధైర్యం చేశాడు.

వయసు ముప్ఫై. చేతిలో డిగ్రీ లేదు, వెనక గాడ్‌ఫాదర్ లేడు. ఒక్కో నాటకశాల తలుపూ తట్టాడు. వద్దన్నారు. రాత్రుళ్లు అపార్ట్‌మెంట్ మెట్ల మీద పడుకునేవాడట. వేరే బట్టల్లేక ఎండాకాలంలో కూడా మంచులో వేసుకునే స్కీ సూటుతోనే తిరిగేవాడట. కృష్ణానగర్‌లో ఆడిషన్ల కోసం తిరిగే కుర్రాళ్లెవరైనా ఇది చదువుతుంటే, స్కీ సూటు తప్ప మిగతాదంతా మీకు తెలిసిన కథే. లెన్‌కొమ్ నాటకశాలలో తాత్కాలికంగా ఓ చిన్న పని దొరికింది. అక్కడ దుస్తుల విభాగంలో పనిచేసే అమ్మాయి మాత్రం ఈ స్కీ సూటు మనిషిని సరిగ్గా చూసింది. ఆమెనే పెళ్లి చేసుకున్నాడు. చివరిదాకా కలిసే ఉన్నారు.

సినిమాలో తొలి అవకాశం మిఖయిల్ రోమ్ ఇచ్చాడు. చిన్న ముక్క. కెమెరా ముందు ఒళ్లు బిగుసుకుపోయి టేకుల మీద టేకులు తిన్నాడు. యూనిట్ విసుక్కున్నా రోమ్ మాత్రం కోప్పడలేదు. నెమ్మదిగా కూర్చోబెట్టి మాట్లాడి మళ్లీ తీశాడు. దర్శకుల గురించి చెప్పుకునేటప్పుడు మనం షాట్లు, కట్‌లు లెక్కపెడతాం కానీ, ఇలాంటి ఓపికని ఎవరూ లెక్కపెట్టరు. తర్వాత 'సోల్జర్స్' అనే సినిమాలో ఫార్బర్ అనే సైనికాధికారి పాత్ర వచ్చింది. కళ్లజోడు పెట్టుకున్న, మొరటుతనం చేతకాని మేధావి సైనికుడు. సినిమా పెద్దగా మోగలేదు. కానీ చూడాల్సిన ఒక్కడు చూశాడు.

ఇడియట్... మన చంటిగాడు కాదు

లెనిన్‌గ్రాడ్‌లోని బొల్షోయ్ నాటకశాలకి అప్పుడు గియోర్గీ తొవ్‌స్తొనోగొవ్ పెద్ద. దొస్తొయెవ్‌స్కీ నవల 'ఇడియట్'ని నాటకంగా వేస్తున్నాడు. తెలుగులో ఇడియట్ అనగానే నాకు ముందు 2002 నాటి రవితేజే గుర్తొస్తాడు, మీకూ అంతే అయ్యుంటుంది. ఈ ఇడియట్ దానికి పూర్తిగా తలకిందులు. ప్రిన్స్ మీష్కిన్. మూర్ఛ రోగానికి విదేశంలో వైద్యం చేయించుకుని రష్యాకి తిరిగొచ్చినవాడు. ఎవరేం చెప్పినా నమ్ముతాడు, ఎవరి మీదా కోపం రాదు, అందుకే లోకం అతన్ని వెర్రివాడంటుంది. ఇలాంటి మంచివాడి పాత్ర స్టేజీ మీద మహా కష్టం. ఏమాత్రం ఎక్కువైనా చక్కెర పాకం, తక్కువైతే నిజంగానే వెర్రివాడు.

ముందు అనుకున్న నటుడు కుదర్లేదు. తొవ్‌స్తొనోగొవ్‌కి 'సోల్జర్స్'లో చూసిన ఫార్బర్ కళ్లు గుర్తొచ్చాయి. మీష్కిన్ కళ్లు అవే అన్నాడు. పిలిపించాడు.

రిహార్సల్స్ నరకం. స్మొక్తునోవ్‌స్కీకి పాత్ర అందలేదు. తోటి నటులకి ఇతని పద్ధతి అర్థం కాలేదు. ఈ ప్రొవిన్షియల్ మనిషిని ఎక్కణ్ణుంచి పట్టుకొచ్చారని గొణుక్కున్నారు. అతను మానేద్దామనుకునేదాకా వచ్చింది. అలాంటి రోజుల్లో లెన్‌ఫిల్మ్ స్టూడియో వసారాలో ఒకతన్ని చూశాడు. చుట్టూ జనం, తొక్కిసలాట, అరుపులు. మధ్యలో అతను నిలబడి పుస్తకం చదువుకుంటున్నాడు. ఆ గోల అతన్ని అంటడం లేదు. స్మొక్తునోవ్‌స్కీకి ఒక్కసారిగా మీష్కిన్ దొరికేశాడు! ఆ నిలబడటం, ఆ మెడ, ఆ నిదానం. ఆ మనిషి సినిమాల్లో గుంపులో కనిపించే ఎక్‌స్ట్రా. ఏళ్ల తరబడి శిబిరాల్లో ఖైదీగా మగ్గి వచ్చినవాడని తర్వాత తెలిసింది.

ఈ ముక్క దగ్గర నేను చాలాసేపు ఆగిపోయా. శిబిరం భయంతో ఉత్తరానికి పారిపోయినవాడు, తన జీవితంలోకెల్లా గొప్ప పాత్రని ఒక మాజీ ఖైదీ నిలబడే తీరులోంచి తీసుకున్నాడు. దొస్తొయెవ్‌స్కీ కూడా సైబీరియా శిక్ష అనుభవించి వచ్చినవాడే కదా.

1957 డిసెంబర్ 31న తొలి ప్రదర్శన. జనం కొత్త సంవత్సరం సంబరాల్లో ఉండాల్సిన రాత్రి. కొద్దిరోజుల్లోనే ఊరంతా అదే మాట. అంతవరకూ పేరు తెలియని ముప్ఫై రెండేళ్ల నటుడు లెనిన్‌గ్రాడ్‌లో అందరికన్నా ఎక్కువగా చెప్పుకునే మనిషయ్యాడు. 1966లో ఆ నాటకాన్ని మళ్లీ సిద్ధం చేసి లండన్, పారిస్ తీసుకెళ్లారు.

అంత పేరు తెచ్చిన నాటకశాలని 1960లోనే వదిలేశాడు. సినిమా లాగింది. తొవ్‌స్తొనోగొవ్‌కి బాధ కలిగింది, చాలామంది తప్పుపట్టారు. నాకైతే ముప్ఫై ఐదేళ్లకి తలుపులు తెరుచుకున్నవాడు ఒక్క గదిలో కూర్చోలేడనిపిస్తుంది.

కోటలోకి గుర్రం

1962లో 'నైన్ డేస్ ఆఫ్ వన్ ఇయర్'. మళ్లీ మిఖయిల్ రోమ్. అణుశాస్త్రవేత్తల కథ. ఇందులో అతను వెటకారం దండిగా ఉన్న భౌతికశాస్త్రవేత్త. ఇదే మనిషి మీష్కిన్ చేశాడంటే నమ్మబుద్ధి కాదు. కార్లొవీ వారీ చిత్రోత్సవంలో ఆ సినిమాకి అగ్ర బహుమతి వచ్చింది.

ఆ తర్వాత గ్రిగొరీ కొజింత్సెవ్ 'హామ్లెట్'. అనువాదం బొరీస్ పాస్తర్నాక్, సంగీతం షొస్తకోవిచ్. ఇద్దరూ ప్రభుత్వం చేతిలో దెబ్బలు తిన్నవాళ్లే. సినిమా మొదట్లో హామ్లెట్ గుర్రం మీద దౌడు తీస్తూ కోటలోకి వస్తాడు. వెనక వంతెన పైకి లేస్తుంది, తలుపులు మూసుకుంటాయి. రాకుమారుడు సొంతింటికొచ్చాడా, జైలుకొచ్చాడా? కోటలో ప్రతి మూలా ఎవరో చెవి వేసి ఉంటారు. తలుపు పక్కన మనిషి, మెట్ల కింద మనిషి. అందుకే ఆ లోకప్రసిద్ధ స్వగతాన్ని ఈ హామ్లెట్ పైకి మాట్లాడడు. సముద్రం పక్కన రాళ్ల మధ్య నడుస్తుంటే మనసులో మాటగా వినిపిస్తుంది. చాలాసేపు వీపే కనిపిస్తుంది. పెదవి కదిపితే ఎవరు వింటారో తెలియని దేశంలో తెలివైనవాడు అలాగే ఆలోచిస్తాడు.

విశాల్ భరద్వాజ్ 'హైదర్' చూసినవాళ్లకి హామ్లెట్ అంటే మంట, పిచ్చి, రక్తం. ఇక్కడ మంట లోపలెక్కడో ఉంటుంది. తనమీద నిఘా పెట్టిన ఇద్దరు స్నేహితుల చేతికి పిల్లనగ్రోవి ఇచ్చి, ఇది వాయించడమే రాని మీరు నన్ను ఎలా ఆడిస్తారనుకున్నారని అడిగే సన్నివేశం ఒక్కటి చూడండి. గొంతు పెంచకుండానే చెంపదెబ్బ కొడతాడు. పన్నెండేళ్లకు పైగా అనుమానపు చూపుల మధ్య బతికినవాడికి ఆ సన్నివేశం ఎవరూ నేర్పక్కర్లేదని నా అభిప్రాయం. మరో నటుడెవరూ అలా చెయ్యలేరని కాదు. కానీ ఇతనిలో అది నటనలా కనిపించదు.

1965లో అతనికీ కొజింత్సెవ్‌కీ లెనిన్ బహుమతి ఇచ్చారు. అదే ఏడాది ఒక సినిమాలో సాక్షాత్తూ లెనిన్ వేషం కూడా వేశాడు. పెద్ద నగరంలో ఉండటానికి వీల్లేదన్న దేశమే ఇప్పుడు లెనిన్ టోపీ తెచ్చి అతని నెత్తిన పెట్టింది!

ట్రాఫిక్ పోలీసు

ఇక నాకు అన్నిటికన్నా ఇష్టమైనది. 1966, ఎల్దార్ ర్యజానొవ్ తీసిన 'బివేర్ ఆఫ్ ద కార్'. యూరీ దెతోచ్కిన్ అనే బీమా ఏజెంటు కార్లు దొంగిలిస్తాడు. లంచగొండులవి, బ్లాక్ మార్కెట్‌వాళ్లవి మాత్రమే. వాటిని అమ్మి వచ్చిన డబ్బు అనాథాశ్రమాలకి పంపుతాడు. పిల్లల వైద్యం కోసం దొంగతనాలు చేసే రవితేజ 'కిక్' (2009) గుర్తొచ్చిందా? నాకూ వచ్చింది. ఇటు ఇడియట్, అటు కిక్... మాస్ మహారాజాకీ ఈ సైబీరియా ఆయనకీ ఏదో లెక్క ఉన్నట్టుంది. తేడా ఏంటంటే దెతోచ్కిన్‌లో హీరోయిజం ఏమాత్రం లేదు. దొంగతనం చేస్తున్నంతసేపూ పక్కింటి మాస్టారిలా కంగారుపడుతుంటాడు.

ఇందులో ఇంకో తమాషా. ఆ దొంగ సాయంత్రాలు ఔత్సాహిక నాటక బృందంలో వేషం వేస్తాడు. ఏ పాత్ర? హామ్లెట్! అతన్ని వెతికే పోలీసు అధికారి కూడా అదే నాటకంలో నటుడు. రెండేళ్ల కింద తనకి ప్రపంచవ్యాప్తంగా పేరు తెచ్చిన పాత్రనే కామెడీలో మళ్లీ వేసుకున్నాడన్నమాట. తనమీద తను నవ్వుకోవడం పెద్ద నటులందరికీ చేతనయ్యే పని కాదు.

మధ్యలో ఒక ఛేజ్ ఉంది. దొంగిలించిన కారులో దెతోచ్కిన్, మోటార్‌సైకిల్ మీద వెంటపడే ట్రాఫిక్ పోలీసు. పోలీసు బండితో సహా పడిపోతాడు. పారిపోవాల్సిన దొంగ వెనక్కి వచ్చి అతనికి సాయం చేస్తాడు. ఆ పోలీసు వేషం వేసింది ఎవరో తెలుసా? గియోర్గీ జ్జోనొవ్. నొరీల్స్క్‌లో ఇక్కడుండొద్దు పొమ్మన్నవాడే. 1955లో అతని మీది నింద కొట్టేశారు. మళ్లీ జనం గుర్తుపట్టే నటుడు కావడానికి ఈ చిన్న పాత్ర బాగా పనికొచ్చింది. సోవియట్ హాళ్లలో జనం పగలబడి నవ్విన ఆ ఛేజ్‌లో, ముందున్నవాడూ వెనకున్నవాడూ కూడా నొరీల్స్క్ చీకటి చూసినవాళ్లే. అది తెలిశాక ఆ సీను మామూలుగా చూడలేకపోయా.

పోలీసు అధికారిగా వేసినాయన ఒలేగ్ యెఫ్రేమొవ్. తర్వాత మాస్కో ఆర్ట్ థియేటర్‌కి అధిపతి అయ్యి, 1976లో స్మొక్తునోవ్‌స్కీని అక్కడికి తీసుకెళ్లింది అతనే. చెహోవ్ 'ఇవానొవ్'తో మొదలై చివరిదాకా అదే నాటకశాల. దానికి ముందు మాలీ థియేటర్లో 'జార్ ఫ్యోదర్' వేశాడు. దేశాన్ని ఏలమంటే అందర్నీ మంచి చేసుకోవాలని చూసి అన్నీ పోగొట్టుకునే రాజు. మీష్కిన్‌కి దగ్గరి చుట్టం.

సినిమాల్లో 1970 ఒక్క ఏడాదే చూడండి: సంగీతకారుడు చైకోవ్‌స్కీగా, 'అంకుల్ వాన్యా'లో వాన్యాగా, 'క్రైమ్ అండ్ పనిష్‌మెంట్'లో హంతకుణ్ణి మాటలతోనే ఊపిరాడకుండా చేసే పొర్‌ఫీరీగా. చైకోవ్‌స్కీకి సాన్ సెబాస్టియన్‌లో ఉత్తమ నటుడి బహుమతి. ఆ తర్వాత వచ్చిందల్లా ఒప్పుకున్న రోజులు కూడా ఉన్నాయి. అందులో కొన్ని చూసి నేను మధ్యలో ఆపేశా, దాచడం దేనికి. కానీ 1975లో తార్కొవ్‌స్కీ 'మిర్రర్'లో ఒక్క ఫ్రేములో కూడా కనిపించకుండా, కథ చెప్పేవాడి గొంతుగా మాత్రమే వినిపించి సినిమా అంతా నిండిపోయాడు.

ద్నీపర్ దగ్గరి ఆ మొదటి పతకం సంగతి ఏమైందంటారా. కాగితాల్లో ఎక్కడో ఉండిపోయింది. 49 ఏళ్ల తర్వాత అతన్ని వెతుక్కుంటూ వచ్చింది. మాస్కో ఆర్ట్ థియేటర్లో, నాటకం అయ్యాక స్టేజీ మీదే అందించారు. అప్పటికి ఆ పతకం మీద పేరున్న దేశమే లేదు. 1994 ఆగస్టు 3న స్మొక్తునోవ్‌స్కీ గుండె ఆగింది. అరవై తొమ్మిదేళ్లు. మాస్కోలో నొవొదేవిచీ శ్మశానంలో సమాధి ఉంది. 4926 నంబర్ గ్రహశకలానికి అతని పేరు పెట్టారు.

చూడాలనుకుంటే హామ్లెట్‌తో మొదలుపెట్టకండి, రెండు గంటల ఇరవై నిమిషాలు, మొదటి పరిచయానికి బరువు. 'బివేర్ ఆఫ్ ద కార్' మోస్‌ఫిల్మ్ యూట్యూబ్ ఛానెల్లో సబ్‌టైటిల్స్‌తో ఉంది. గంటన్నర సినిమా. ఫోన్ అడ్డంగా పెట్టుకుని, ఇయర్‌ఫోన్స్‌తో చూడండి. గొంతు వినాలి.